తగలేసిన తెప్ప తీర్పు చెబితే

మలేసియాలోని సబా తీరానికి దగ్గరలో పులావ్ టీగా అని ఒక చిన్న దీవి ఉంది. 2000లో అమెరికాలో సీబీఎస్ చానల్ ప్రసారం చేసిన 'సర్వైవర్' మొదటి సీజన్‌ను అక్కడే చిత్రించారు. 16 మంది మనుషులు, 39 రోజులు, ఆఖరికి నిలిచినవారికి 10 లక్షల డాలర్లు. మొదట ఎనిమిదేసి మంది చొప్పున టాగీ, పగోంగ్ అని రెండు తెగలు చేశారు. తెగకు ఐదుగురు చొప్పున పదిమంది మిగిలాక రెంటినీ కలిపేశారు. అలా కలిపాక జరిగిన మొదటి ఓటింగులోనే గ్రెచెన్ కోర్డీ ఇంటిదారి పట్టింది. ఆమె ఒకప్పుడు వైమానిక దళంలో ఆపదలో బతికి బయటపడే విద్య నేర్పిన మనిషి. అంటే ఆ దీవి మీద బతకడానికి అందరికంటే ఎక్కువ అర్హత ఉన్న మనిషి. ఆమె మీద పడినవి నాలుగే ఓట్లు. మిగతా ఆరు ఓట్లూ ఆరు పేర్ల మీద చెల్లాచెదురయ్యాయి. ఆ నాలుగూ వేసినవాళ్లు రిచర్డ్ హాచ్, రూడీ బోష్, స్యూ హాక్, కెల్లీ విగిల్స్‌వర్త్. నలుగురూ టాగీ వాళ్లే, ముందే మాట్లాడుకున్నవాళ్లే. పగోంగ్ వాళ్లకు అలా కూడబలుక్కుని ఓటెయ్యడమే తప్పనిపించింది. ఎవరికి నచ్చనివాళ్ల పేరు వాళ్లు రాసుకుంటూ పోయారు. ఆ తర్వాత గ్రెగ్, జెన్నా, జెర్వేస్, కొలీన్ వరసగా బయటకు వెళ్లారు. ఒక్క పగోంగ్ మనిషీ మిగల్లేదు. ఇలా ఒక తెగ మొత్తాన్ని వరసపెట్టి తుడిచేయడాన్ని ఆ షో అభిమానులు ఇప్పటికీ 'పగోంగింగ్' అనే పిలుస్తారు.

ఇలాంటి ఆట చూసినప్పుడు మనకు మొదట కనిపించేది మనుషుల గుణం. ఫలానావాడు నమ్మకద్రోహి, ఫలానా అమ్మాయి అమాయకురాలు అని ఒక తీర్పు ఇచ్చేసి తృప్తిపడతాం. ఈ అధ్యాయం చెప్పదలచింది వేరు. పొత్తు, వెన్నుపోటు, నమ్మకం అనేవి ఆటగాళ్లు ఇంటి దగ్గరనుంచి మూటగట్టుకుని తెచ్చేవి కావు, లేదా తెచ్చినా అందులో కొంతే. ఎక్కువ భాగాన్ని పుట్టించేది ఓటింగు నియమమే. ఓటు ఎవరి చేతిలో ఉంది, దాన్ని ఎలా లెక్కపెడతారు, ఆఖరి తీర్పు చెప్పేది ఎవరు అనే మూడు ప్రశ్నలకు జవాబు తెలిస్తే, ఆ ఇంట్లోనో దీవిలోనో మనుషులు ఎలా మెలుగుతారన్నది చాలావరకు ముందే ఊహించవచ్చు. రియాలిటీ షోలు ఈ సంగతిని పరీక్షించడానికి దాదాపు ప్రయోగశాలల్లాంటివి. నియమాలు స్పష్టం, ఓట్లు లెక్క తేలినవి, పందెం పెద్దది. పైగా ఒకే రకం ఆటను కాస్త కాస్త మార్చి వేర్వేరు దేశాల్లో ఏళ్ల తరబడి ఆడించారు.

గ్రెచెన్ మీద పడిన నాలుగు ఓట్లనే తీసుకుందాం. రాజకీయశాస్త్రవేత్త విలియం రైకర్ 1962లో ప్రచురించిన 'ది థియరీ ఆఫ్ పొలిటికల్ కోయలిషన్స్' అనే పుస్తకంలో ఒక సూత్రం ప్రతిపాదించాడు. గెలుపు ఫలం పంచుకోవలసింది అయినప్పుడు, గెలవడానికి సరిగ్గా ఎంతమంది కావాలో అంతమందితోనే కూటమి కట్టాలని మనుషులు చూస్తారు. ఒక్కడు ఎక్కువైతే వాటా తరుగుతుంది, ఒక్కడు తక్కువైతే గెలుపే పోతుంది. ఆ లెక్కన పదిమందిలో ఆరుగురు కావాలి. మరి నలుగురితో పని ఎలా జరిగింది? ఆ నియమం సగానికి పైగా ఓట్లు అడగలేదు. అందరికంటే ఎక్కువ పడితే చాలంది. ఎదుటివాళ్ల ఓట్లు చీలిపోతే నలుగురే మెజారిటీతో సమానం. ఎన్నికల రోజుల్లో మన పత్రికలు 'ఓట్ల చీలిక' అని రాసేది సరిగ్గా దీన్నే. పగోంగ్ వాళ్లు ఓడింది మంచితనం వల్ల కాదు. పొత్తు పెట్టుకున్నవాళ్లకు లాభం ఇచ్చే నియమం కింద పొత్తు లేకుండా ఆడటం వల్ల.

పొత్తూ వద్దు, పన్నాగమూ వద్దు, నా ఓటు నేను నిజాయతీగా వేసుకుంటానంటే కుదరదా? అదే సీజన్‌లో షాన్ కెన్నిఫ్ అనే డాక్టరు ఈ దారి పట్టాడు. ఎవరి మీదా పక్షపాతం లేకుండా ఇంగ్లిష్ అక్షరక్రమంలో ఒక్కొక్కరి పేరూ రాసుకుంటూ పోతానన్నాడు. ఫలితం తలకిందులైంది. అతని ఓటు ఈసారి ఎవరిమీద పడుతుందో ముందే తెలిసిపోవడంతో, కూటమి తన ఓట్లు తీసుకెళ్లి అక్కడే కలిపింది. జెన్నా వంతు వచ్చినప్పుడు జరిగింది అదే. ఎవరి పక్షమూ వహించనన్న మనిషి ఓటు కూటమికి జీతం లేని నౌకరీ చేసింది. దీని వెనక ఉన్న గణితం ఇంకా లోతైనది. 1973లో అలన్ గిబ్బార్డ్, 1975లో మార్క్ సాటర్త్‌వెయిట్ విడివిడిగా ఒకే ఫలితాన్ని నిరూపించారు. ఎంచుకోవడానికి మూడో అంతకంటే ఎక్కువో పేర్లుండి, వాటిలో ఎవరైనా నెగ్గే వీలుంటే, ఒకే మనిషి ఇష్టం చెల్లుబాటయ్యే నియంతృత్వం కాని ఏ ఓటింగు పద్ధతిలోనైనా, ఎవరో ఒకరికి ఎప్పుడో ఒకప్పుడు తమ అసలు ఇష్టాన్ని దాచి ఓటేస్తేనే మేలు జరిగే పరిస్థితి వచ్చి తీరుతుంది. అలాంటి ఎత్తుగడలకు బొత్తిగా చోటివ్వని ఎన్నికను, పాచికల మీదకు నెట్టేస్తే తప్ప, తయారుచెయ్యడం సాధ్యం కాదు. కాబట్టి ఒక షోలో వ్యూహం ఉందా లేదా అన్నది ప్రశ్న కాదు, నియమం ఏ రకం వ్యూహాన్ని పెంచుతోందన్నదే ప్రశ్న.

కూటమి కట్టడం ఒక ఎత్తు, నిలబెట్టడం ఇంకో ఎత్తు. ముగ్గురు మనుషులకు వంద రూపాయలిచ్చి, ఏ ఇద్దరు ఒప్పుకుంటే ఆ పంపకం ఖాయమని చెప్పండి. మొదటివాడూ రెండోవాడూ చెరో యాభై అనుకుంటారు. ఏమీ దక్కని మూడోవాడు మొదటివాడి దగ్గరకెళ్లి నీకు అరవై, నాకు నలభై చాలు అంటాడు. రెండోవాడు ఊరుకుంటాడా, మూడోవాడికి యాభై ఇస్తానంటాడు. ఈ బేరానికి అంతం లేదు. ఏ పంపకం తీసుకున్నా దాన్ని కూలదొయ్యగల ఇద్దరు ఎప్పుడూ ఉంటారు. 2002లో వచ్చిన 'సర్వైవర్: మార్కెసాస్' దీనికి ప్రత్యక్ష ఉదాహరణ. అప్పటికి తొమ్మిది మంది మిగిలారు, వాళ్లలో నలుగురిది గట్టి కూటమి. వాళ్ల వెనక నడిచేవాళ్లు ఇంకొందరు. కొబ్బరికాయలు కట్టిన తాళ్లను నరికే పోటీ ఒకటి పెట్టారు. సరైన జవాబు చెప్పినవారు తాము ఎంచుకున్నవారి తాడు మీద వేటు వెయ్యవచ్చు. ఎవరు ఎవరి తాడు నరుకుతున్నారో చూస్తుంటే కూటమి వాళ్ల మనసులోని వరస బయటపడిపోయింది, ముందు ఎవరు పోవాలి, తర్వాత ఎవరు అని. వెనక నడుస్తున్న నెలీ, పాస్కల్ తమ పేర్లు ఆ వరసలో ఎక్కడున్నాయో చూసుకున్నారు. ఆ వారం వాళ్లు అవతలి ముగ్గురితో చేతులు కలిపారు, కూటమి నాయకుడు జాన్ బయటకు పోయాడు. వాళ్లను ద్రోహులందామా? కూటమిలో అయిదో స్థానమంటే బయటకు వెళ్లే వరసలో నంబరు వేసుకుని నిలబడటమే. అడుగున ఉన్నవాడికి రేపటి ఆశ చూపించలేని కూటమి అడుగునుంచే కూలుతుంది.

ఆట చివరకు వచ్చేకొద్దీ మనుషులు వెనకనుంచి ముందుకు లెక్క వేసుకోవాలి. 2000 నాటి ఆఖరి ముగ్గురు హాచ్, కెల్లీ, మాజీ నౌకాదళ కమాండో 72 ఏళ్ల రూడీ. ఒక కొయ్య విగ్రహం మీద చెయ్యి వేసి ఎవరు ఎక్కువసేపు నిలబడితే వారు క్షేమం. మిగతా ఇద్దరిలో ఎవరిని పంపాలో వారే తేలుస్తారు. హాచ్ ఉన్నట్టుండి చెయ్యి తీసేసి పక్కకు తప్పుకున్నాడు. చూడటానికి ఓటమిలా ఉంది, లెక్క వేస్తే కాదు. తానే గెలిస్తే రెండే దారులు. రూడీని వెంట తీసుకెళ్తే, జనాదరణ ఉన్న రూడీ చేతిలో ఓడిపోయే ప్రమాదం. రూడీని పంపేస్తే మాట తప్పినట్టు, పైగా బయటకు వెళ్లినవాళ్లే కూర్చుని తీర్పు చెప్పే జ్యూరీలో రూడీ ఓటు పోతుంది. రూడీ గెలిస్తే ఇచ్చిన మాట ప్రకారం హాచ్‌నే ఉంచుతాడు. కెల్లీ గెలిస్తే రూడీకి భయపడి ఆమె కూడా హాచ్‌నే ఉంచుతుంది. అంటే తాను గెలవకుండా ఉంటే చాలు, ఎవరు గెలిచినా తన చోటు పదిలం, తన చేతికి రక్తం అంటదు. ఆట సిద్ధాంతంలో ముగ్గురి తుపాకీ పోరు అని ఒక పాత చిక్కుప్రశ్న ఉంది. ముగ్గురిలో గురి తక్కువవాడు మొదట కాల్చాల్సి వస్తే ఆకాశంలోకి కాల్చడమే తెలివని దాని జవాబు. ఎందుకంటే మిగతా ఇద్దరికీ ప్రమాదం ఒకరివల్ల ఒకరికే. హాచ్ చేసింది ఆకాశంలోకి కాల్చడమే. కెల్లీ గెలిచి రూడీని పంపింది. జ్యూరీ 4–3తో హాచ్‌కు పట్టం కట్టింది. ఆ నలుగురిలో రూడీ ఒకడు. ఆ ఒక్క ఓటు అటు పడి ఉంటే లెక్క తిరగబడేది.

జ్యూరీ అన్న ఆ ఏర్పాటు దగ్గర కాసేపు ఆగాలి, ఎందుకంటే ఈ ఆటకు ఆయువుపట్టు అదే. ఏరు దాటాక తెప్ప తగలేసినట్టు అని మనకో సామెత ఉంది. తెప్ప తగలేసినవాడికి లోకంలో సాధారణంగా పెద్దగా నష్టం జరగదు కాబట్టే ఆ సామెత పుట్టి ఉంటుంది. సర్వైవర్ నియమం దాన్ని తిరగేసింది. తగలేసిన తెప్ప అవతలి గట్టున న్యాయపీఠం మీద కూర్చుని ఉంటుంది, మనం చేరగానే తీర్పు చెబుతుంది. మనం బయటకు పంపినవాళ్లే మనకు బహుమతి ఇవ్వాలి. దాంతో ఒకే ఆటలో రెండు విరుద్ధమైన పనులు చెయ్యాల్సి వస్తుంది, మనుషులను ఓడించాలి, ఓడినవాళ్ల మనసూ గెలవాలి. మొదటి పని మాత్రమే నేర్చినవాడికి ఏమవుతుందో రసెల్ హాంట్జ్ కథ చెబుతుంది. 2009 నాటి 'సమోవా' సీజన్‌లో రెండు తెగలు కలిసేసరికి అతని తెగలో నలుగురు, అవతల ఎనిమిది మంది. అక్కణ్నుంచి అవతలివాళ్లలో ఒక్కొక్కరినీ చీల్చి, మోసం చేసి, ఆఖరి ముగ్గురిలోకి చేరాడు. ఎత్తుగడల పరంగా అసాధారణమైన ఆట. జ్యూరీలో తొమ్మిది మంది ఉంటే అతని పక్కనే అణకువగా ఉన్న నటాలీ వైట్‌కు ఏడు ఓట్లు పడ్డాయి, రసెల్‌కు రెండు. మరుసటి ఏడు అదే పద్ధతిలో మళ్లీ ఫైనల్‌కు వచ్చాడు. ఈసారి సాండ్రాకు ఆరు, పార్వతికి మూడు, రసెల్‌కు సున్నా. కోపం మాత్రమే తీర్పు చెబుతుందని కూడా అనుకోకూడదు. 2000లో స్యూ హాక్ జ్యూరీలో నిలబడి హాచ్‌ను పాముతోనూ, తాను ఒకప్పుడు స్నేహితురాలనుకున్న కెల్లీని ఎలుకతోనూ పోల్చి దులిపేసి, ఓటు మాత్రం పాముకే వేసింది. మొదటినుంచీ పాములాగే కనిపించినవాడు చేసిన దెబ్బకంటే, స్నేహం నటించి కొట్టిన దెబ్బ ఆమెకు ఎక్కువ తగిలింది. జ్యూరీ శిక్షించేది ద్రోహాన్ని కాదు, ద్రోహం చేసిన తీరును.

ఇప్పుడు ఓటును వేరేవాళ్ల చేతిలో పెట్టి చూద్దాం. నెదర్లాండ్స్‌లో 1999లో మొదలైన 'బిగ్ బ్రదర్' 2000లో అమెరికా చేరింది. ఆ తొలి సీజన్‌లో ఇంట్లోవాళ్లు నామినేట్ చేస్తే బయటకు పంపింది ప్రేక్షకులు. 2001లో రెండో సీజన్‌కు వచ్చేసరికి పంపే అధికారం ఇంట్లోవాళ్లకే ఇచ్చారు. విజేతనూ ఓడినవాళ్లే ఎన్నుకున్నారు. వెంటనే ఆ ఇల్లు కూటముల పుట్ట అయింది. నేను అబద్ధాలాడతానని దాచకుండా చెప్పుకు తిరిగిన విల్ కర్బీ అందులో నెగ్గాడు. మన భాషల్లోకి వచ్చిన 'బిగ్ బాస్' మాత్రం మొదటి దారినే ఉండిపోయింది. 2017లో స్టార్ మాలో జూనియర్ ఎన్టీఆర్ వ్యాఖ్యాతగా మొదలైన తెలుగు బిగ్ బాస్‌లో హౌస్‌మేట్లు నామినేట్ చెయ్యగలరు, అంతే. ఎవరు ఉండాలన్నది ప్రేక్షకుల ఓటు. నామినేషన్ల గురించి ముందుగా చర్చించుకోవడం కూడా అక్కడ నియమ విరుద్ధం. ఈ చిన్న తేడా ఆట నీతినే మార్చేసింది. సర్వైవర్‌లో కూటమి కట్టడం నైపుణ్యం. మన బిగ్ బాస్ ఇంట్లో 'గ్రూప్ గేమ్' ఆడుతున్నావనడం తిట్టు. 'సేఫ్ గేమ్' అన్నా తిట్టే, 'సింపతీ కార్డ్' అన్నా తిట్టే. ఒకరి వ్యూహాన్ని ఇంకొకరు బయటపెట్టి కెమెరా ముందు దోషిగా నిలబెట్టడమే అక్కడ వ్యూహం, ఎందుకంటే తీర్పరి కెమెరా అవతల కూర్చున్నాడు. 2018లో రెండో సీజన్ ఇందుకు చక్కటి సాక్ష్యం. ఇంట్లోవాళ్లు పదేపదే నామినేట్ చేసిన కౌశల్ మండా చివరికి విజేత అయ్యాడు. సర్వైవర్ నియమాల కింద అంతమంది పేరు రాసిన మనిషి మొదటి వారాల్లోనే దీవి వదిలి వెళ్లాలి. ఇక్కడ ప్రతి నామినేషనూ అతనికి ఒక వేదిక అయింది. 'కౌశల్ ఆర్మీ' అని పేరు పెట్టుకున్న అభిమానులకు ఓటెయ్యడానికి వారం వారం ఒక పిలుపు అయింది. పదిమంది కలిసి ఒకణ్ని ఒంటరిని చేస్తే, ఒక నియమం కింద ఆ ఒకడు ఓడతాడు, ఇంకో నియమం కింద గెలుస్తాడు. ఒంటరితనం అదే, ఓటు పెట్టె వేరు.

దీనికి గట్టి అభ్యంతరాలే ఉన్నాయి. మొదటిది, ఇదంతా ఎడిటింగ్ మాయ, నిర్మాతలు నడిపించే కథ అన్నది. ఎడిటింగ్ కథను మలుస్తుందన్నది నిజమే. ఎవరు మంచివాళ్లుగా, ఎవరు దుర్మార్గులుగా కనిపించాలన్నది చాలావరకు ఎడిటర్ బల్ల మీదే తేలుతుంది. సర్వైవర్ తొలి సీజన్‌లో బయటకు వెళ్లిన ఒక పోటీదారు, నిర్మాత ఓట్లను ప్రభావితం చేశాడని 2001లో దావా వేసిన మాటా వాస్తవమే, అది రాజీతో ముగిసింది. అయితే ఇక్కడి వాదన పాత్రల చిత్రణ మీద నిలబడలేదు, ఓట్ల లెక్క మీద నిలబడింది. 1950లలో క్విజ్ షోల కుంభకోణం బయటపడ్డాక, పోటీ ఫలితాన్ని ముందే ఖాయం చెయ్యడాన్ని అమెరికా 1960లో చట్టరీత్యా నేరం చేసింది. కాబట్టి ఆ లెక్కను తారుమారు చెయ్యడం అంత తేలిక కాదు. రెండో అభ్యంతరం అదృష్టం గురించి. హాచ్‌కు పడిన నాలుగు ఓట్లలో గ్రెగ్‌ది ఒకటి. అతను ఇద్దరు ఫైనలిస్టులనూ ఒకటి నుంచి పది లోపు ఒక అంకె చెప్పమని అడిగాడు. అంత పెద్ద బహుమతికి అంకె ఊహించడమా అంటే, అవును, ఆఖరి మెట్టు మీద అదృష్టం తప్పక ఉంటుంది. కానీ ఆ మెట్టు మీద నిలబడిన ఇద్దరూ టాగీ కూటమి వాళ్లే కావడం అదృష్టం కాదు. నియమాలు విజేత పేరు చెప్పవు, ఏ రకం మనిషి చివరిదాకా వస్తాడో మాత్రం చెబుతాయి.

మూడోది అన్నిటికంటే బలమైనది. టీవీ వాళ్లు ఏరికోరి జిత్తులమారులను పట్టుకొస్తారు కాబట్టి జిత్తులు కనిపిస్తాయి, నియమాలు ఏం చేశాయి అన్నది. దీన్ని పరీక్షించాలంటే అవే మనుషులు ఒకే ఆటలో రెండు రకాల ప్రోత్సాహాల కింద ఎలా మెలుగుతారో చూడాలి. 2000 ఆగస్టులో బీబీసీ మొదలుపెట్టిన 'ది వీకెస్ట్ లింక్' క్విజ్ అలాంటి అవకాశం ఇచ్చింది. అందరూ కలిసి జవాబులు చెప్పి ఉమ్మడి సొమ్ము పెంచుతారు, ప్రతి రౌండు చివరా ఓటేసి ఒకరిని పంపుతారు, చివరికి మిగిలిన ఇద్దరిలో ఒక్కరే మొత్తం తీసుకెళ్తారు. మొదటి రౌండ్లలో తెలివైనవాడు అందరికీ లాభం, చివరి రౌండ్లలో అతనే అందరికీ గండం. ఆర్థికవేత్త స్టీవెన్ లెవిట్ దీని అమెరికా రూపంలోని ఓట్లను పరిశీలించి 2004లో ఒక పత్రం ప్రచురించాడు. మొదట జవాబులు తప్పినవాళ్లను పంపే మనుషులే, చివరికొచ్చేసరికి బాగా చెప్పేవాళ్ల మీదకు ఓటు తిప్పారు. ఒక్క ఎపిసోడ్ నిడివిలో ఎవరి గుణమూ మారదు, మారింది ఓటు వల్ల వచ్చే ఫలం. అయితే అదే పత్రం ఇంకో మాటా చెప్పింది. వయసు మళ్లినవారి మీద పడిన ఓట్లు ఆ లెక్కకు అందలేదు, వాళ్లను ఆట అవసరాన్ని మించి బయటకు నెట్టారు. కాబట్టి మనసులోని చిన్నచూపుకూ పాత్ర ఉంది. నియమం అంతా చెయ్యదు. కానీ నియమం చేసిందేదో ముందు లెక్కగట్టి తీసేస్తేనే, మిగిలింది మనిషి గుణమని చెప్పగలం.

నియమం మారగానే పొత్తు పరిమాణం కూడా మారుతుందనడానికి ఇంకో ఉదాహరణ. 2005లో గ్వాటెమాలా సీజన్ నుంచి సర్వైవర్‌లో ఒక రక్షా విగ్రహాన్ని దాచిపెట్టడం మొదలైంది. ఇప్పుడు అమల్లో ఉన్న పద్ధతి ప్రకారం, ఓట్లు వేశాక, వాటిని చదవకముందు దాన్ని బయటకు తీస్తే, ఆ మనిషి మీద పడిన ఓట్లన్నీ చెల్లవు. దాంతో కనీస మెజారిటీకి ధైర్యం పోయింది. అవతల ఇద్దరుంటే, వారిలో ఎవరి దగ్గర విగ్రహం ఉన్నా చెడకుండా ఉండాలంటే ఓట్లను మూడూ మూడుగా ఇద్దరి మీదకూ చీల్చాలి, అంటే ఆరుగురు కావాలి. అవతల ముగ్గురుంటే నాలుగూ నాలుగుగా ఎనిమిది మంది. రైకర్ సూత్రం తప్పలేదు, 'సరిపడా' అన్న మాటకు అర్థం మారింది, అంతే.

ఈ లెక్కలు దీవులకూ టీవీ సెట్లకూ పరిమితం కావు. 1985లో 52వ రాజ్యాంగ సవరణ పదో షెడ్యూలును చేర్చి, పార్టీ ఫిరాయించిన ప్రజాప్రతినిధికి అనర్హత వేటు పెట్టింది. శాసనసభాపక్షంలో మూడో వంతు కలిసి చీలితే మాత్రం ఫర్వాలేదంది. 2003లో 91వ సవరణ ఆ వెసులుబాటు తీసేసి, మూడింట రెండు వంతుల మంది విలీనానికి ఒప్పుకుంటేనే మినహాయింపు అన్న నిబంధనను మాత్రం మిగిల్చింది. ఫిరాయింపులు ఆగలేదు, వాటి పరిమాణం మారింది. 2018 డిసెంబరు ఎన్నికల్లో తెలంగాణలో కాంగ్రెస్ 19 స్థానాలు గెలిచింది. వారిలో ఒకరు లోక్‌సభకు ఎన్నికై రాజీనామా చెయ్యడంతో 2019 జూన్‌కు ఆ సంఖ్య 18 అయింది. ఆ నెలలోనే తమను టీఆర్ఎస్‌లో విలీనం చెయ్యమని స్పీకరుకు లేఖ ఇచ్చిన కాంగ్రెస్ ఎమ్మెల్యేలు 12 మంది. పద్దెనిమిదిలో మూడింట రెండు వంతులు ఎంతో ఆ సంఖ్య సరిగ్గా అంత. పన్నెండు మంది మనసులు పన్నెండు కారణాలతో మారి ఉండవచ్చు, వాటిని తూచడానికి మన దగ్గర తక్కెడ లేదు. పదకొండు దగ్గర ఎందుకు ఆగలేదో మాత్రం పదో షెడ్యూలు చదివితే తెలుస్తుంది.